మృదుమార్గము: జుజుత్సు జూడోగా మాఱిన చరిత్రము

క్రీ. శ. 1876వ సంవత్సరమున జపాను ప్రభుత్వము ఒక శాసనమును ప్రకటించెను. సైనికులును, రక్షకభటులును, ఉత్సవవేషముతో కొలువునకు వచ్చు అధికారులును దక్క తక్కినవారెవ్వరును బహిరంగముగా కత్తి ధరింపరాదని దాని తాత్పర్యము. చదువరులకు ఇది స్వల్పవిషయముగా తోపవచ్చును. కాని సమురాయిలను యోధవర్గమువారు తరతరములుగా నడుమున రెండు కత్తులు ధరించి వీథిలో నడచినవారు. వారికి కత్తి ఆయుధము మాత్రమే కాదు. అది కులచిహ్నము, గౌరవచిహ్నము. ఆ సంవత్సరముననే వారి వంశపారంపర్యపు భరణములును ఋణపత్రములుగా మార్పబడెను. ఒక్క యేటిలో చిహ్నమును పోయెను, జీవనమును పోయెను.

కత్తితోపాటు కత్తిసాము చెప్పు గురువులకును, ఆయుధము లేకయే శత్రువును పడవేయు జుజుత్సువిద్యను బోధించు గురువులకును ఆదరణము తగ్గిపోయెను. సకాకిబారా కెంకిచి అను ప్రసిద్ధ ఖడ్గవిద్యాచార్యుడు 1873లోనే తోక్యోనగరమున రుసుము పుచ్చుకొని జనులయెదుట పందెములు ప్రదర్శింపసాగెను. జుజుత్సు గురువులు కొందఱు విరిగిన యెముకలు కట్టి పొట్ట పోసికొనుచుండిరి. ఎముకలు విఱుచు విద్య నేర్చినవానికి వానిని సరిచేయు విద్యయు తెలిసియుండుట సహజమే గదా!

కాలము చెల్లిన విద్యను ఏమి చేయవలెను? ఈ ప్రశ్న జపానువారికి మాత్రమే చెందినది కాదు; మార్పునకు లోనైన ప్రతి దేశమునకును ఎదురగునదే. పాతది గనుక పాఱవేయుడని కొందఱందురు. పాతది గనుక పూజింపుడని మఱికొందఱందురు. జపానులో ఇరువదియొక్కయేండ్ల యువకుడైన ఉపాధ్యాయుడొకడు ఈ రెండును కాని మూడవ మార్గమును త్రొక్కెను. ఆతని పేరు కానో జిగోరో. ఆతడు చేసిన పనిని, ఆ పనికి పిమ్మట పట్టిన గతిని తెలిసికొనుట సంస్కారాభిలాషులగు గృహస్థులకు ప్రయోజనకరమని తలంచి ఈ వ్యాసమును వ్రాయుచున్నాను.

జుజుత్సు ఒక్కని సృష్టి కాదు. యుద్ధరంగమున కత్తి జాఱిపోయినపుడు, కవచధారులిద్దఱు ఒకరినొకరు పట్టుకొని పెనగులాడినపుడు పనికివచ్చు పట్లే దీనికి మూలము. 1532వ సంవత్సరమున ఆరంభమైనట్లు చెప్పబడు తకెనోఉచి సంప్రదాయము ఈ విద్యయందు మిక్కిలి ప్రాచీనమైన వానిలో నొకటి. కాని ఆశ్చర్యమేమనగా, ఈ సంప్రదాయములు వందలుగా పెరిగినది యుద్ధకాలమున కాదు, శాంతికాలమున. 1603 మొదలు 1868 వఱకు తొకుగావా వంశీయులు దేశమునేలిరి. ఆ రెండున్నర శతాబ్దములలో మొదటి నలుబదియేండ్లు గడచిన పిమ్మట పెద్ద యుద్ధము లరుదు. యుద్ధము లేని యోధుడు తన విద్యకు వేఱొక ప్రయోజనమును వెదకుకొనవలసివచ్చెను. కావున ఆయుధవిద్యతోడ ధ్యానమును, మర్యాదయును, మనోనిగ్రహమును పెనవేసికొనెను. శత్రుసంహారమునకై పుట్టిన విద్య ఆత్మశిక్షణమునకు సాధనమని చెప్పుట ఈ శాంతికాలముననే బలపడెను.

ఆ కాలపు బోధనాపద్ధతి మన దేశపు గురుశిష్యపద్ధతిని జ్ఞప్తికి తెచ్చును. ప్రతి సంప్రదాయమునకును ఒక పేరు, ఒక మూలపురుషుడు, కొన్ని వ్రాతచుట్టలు ఉండెడివి. శిష్యుడు ప్రమాణము చేసి చేరవలెను. నేర్చినది పరులకు చెప్పరాదు. ‘కత’ అనబడు నియతమైన అభ్యాసక్రమమున గురువు చూపిన కదలికను శిష్యుడు ఏండ్లతరబడి అనుకరింపవలెను. కడపట గురువు తృప్తినొందిన నాడు రహస్యములు చెప్పి అనుమతిపత్రమిచ్చును. ఇట్టి పద్ధతివలన విద్య చెడకుండ నిలుచుట నిజమే. గురువు చెప్పకయే మరణించినచో విద్యయు ఆతనితోడనే పోవుట కూడ అంతే నిజము.

కానో జిగోరో 1860వ సంవత్సరమున, నేడు కోబే నగరమున చేరియున్న మికాగె అను గ్రామమున జన్మించెను. ఆతని పుట్టిల్లు ధాన్యపు మద్యమును తయారుచేయు సంపన్నకుటుంబము. చిన్ననాటనే తల్లి మరణించెను. తండ్రి బాలుని తోక్యోకు తెచ్చి ఆంగ్లము మున్నగు నూతనవిద్యలు చెప్పించెను. బాలుడు చదువున చుఱుకైనవాడు. దేహమున మాత్రము చిన్నవాడు, దుర్బలుడు. పాఠశాలలో బలిష్ఠులగు తోడిబాలురు ఆతనిని కొట్టి ఏడిపించెడివారు. బలహీనుడు బలవంతుని ఓడింపగల విద్య యొకటి కలదని విని ఆతడు జుజుత్సు నేర్వగోరెను. ఇది నేటికాలమునకు తగిన విద్య కాదని తండ్రి సమ్మతింపలేదు. అయినను విశ్వవిద్యాలయమున చేరిన 1877వ సంవత్సరముననే, ఎముకలు కట్టు వైద్యుల యిండ్లవెంట తిరిగి తిరిగి, తుదకు ఫుకుదా హచినోసుకే అను గురువును కానో సంపాదించుకొనెను.

ఫుకుదా తెన్జిన్ షిన్యో సంప్రదాయమునకు చెందినవాడు. ఒకనాడు ఆయన శిష్యుని నేలపై పడవేయగా, చేతిని ఎట్లు పెట్టవలెను, కాలిని ఎట్లు కదల్పవలెనని శిష్యుడు ప్రశ్నించెను. గురువు సమాధానము చెప్పుటకు మారుగా మఱల పడవేసెను. మఱల ప్రశ్నింపగా మఱల పడవేసెను. పలుమాఱులు పడినచో నీకే తెలియునని ఆయన యభిప్రాయము. ఈ వృత్తాంతమును కానోయే తన స్మృతులలో చెప్పుకొనినాడు. ఉపాధ్యాయవృత్తియందున్న నావంటివానికి ఇది నవ్వును, సిగ్గును ఒక్కమాఱే కలిగించును. ‘ఎందుకు’ అని బాలుడడిగినపుడు మనమును ఎన్నిమాఱులు ఇట్లే పడవేయుట లేదు!

కానోకు ఆ సమాధానము చాలలేదు. తనకంటె చాల బరువైన తోడిశిష్యు నొకనిని ఎట్లును పడవేయలేక, మొదట సుమో మల్లులయొద్ద ఉపాయము వెదకెను. అది ఫలింపకపోగా గ్రంథాలయమునకు పోయి పాశ్చాత్యుల కుస్తీగ్రంథమును తిరుగవేసెను. అందొక పట్టు కనబడెను. ప్రత్యర్థిని భుజములమీదికి ఎత్తుకొని పడవేయు ఆ పట్టునే ఆతడు సాధనచేసి ఆ భారీమనుష్యుని పడగొట్టెను. దానికి ‘భుజచక్ర’మని అర్థమిచ్చు కతగురుమా అను పేరు పిమ్మట వచ్చినది. ప్రాచీనవిద్య నభ్యసించు విద్యార్థి విదేశగ్రంథమునుండి ఒక పట్టును తెచ్చుకొనుటకు సంకోచింపలేదన్నమాట.

ఫుకుదా 1879లో మరణింపగా కానో ఇసో మసతొమోను, ఆయనయు 1881లో గతింపగా కితో సంప్రదాయాచార్యుడగు ఈకుబో త్సునెతోషిని ఆశ్రయించెను. తెన్జిన్ షిన్యో పద్ధతియందు మెడను బంధించుట, నేలపై అదిమిపట్టుట, మర్మస్థానములందు కొట్టుట ముఖ్యములు. కితో పద్ధతియందు పడవేయుట ముఖ్యము. రెండు సంప్రదాయములను నేర్చుటవలన ఆతనికి సరిపోల్చు అవకాశము కలిగెను. ఒక్క గురువునే యెఱిగిన శిష్యునకు ఆ గురువు చెప్పినదే విద్య. ఇద్దఱి నెఱిగినవానికి ఇద్దఱియందును సమానమైన మూలసూత్ర మేమి యను విచారము పుట్టును.

ఆ సూత్రము ఆతనికి ఈకుబోతోడి అభ్యాసముననే దొరకెను. ప్రత్యర్థి నిలుకడగా నున్నంతసేపు ఎంతటి బలవంతుడును వానిని సులభముగా పడవేయలేడు. ముందు వాని నిలుకడను చెఱుపవలెను, ఆపై తాను తగిన స్థానమున చేరవలెను, అటుపిమ్మట పడవేయవలెను. ఈ మూడు మెట్లకును ఆతడు వేఱువేఱు పేర్లు పెట్టెను. ఒకనాడు శిష్యుడు గురువును మాటిమాటికి పడవేయుచుండగా గురువు ఆశ్చర్యపడి కారణమడిగెను. శిష్యుడు వివరించెను. ఇకమీదట నీకు నేను నేర్పదగినది లేదని పలికి ఈకుబో ఆతనికి అనుమతిపత్రమును, తన సంప్రదాయపు వ్రాతలను ఒసగెను. శిష్యునిచేత ఓడుట గురువునకు కీర్తియని మన పెద్దలును చెప్పుదురు గదా.

1882లో కానో తోక్యోలోని ఎయిషోజి యను బౌద్ధాలయమున కొన్ని గదులు తీసికొని, పండ్రెండు చాపల వైశాల్యము గల సాధనశాలను నెలకొల్పెను. దానికి ‘మార్గమును బోధించు మందిర’మను అర్థముగల కోడోకాన్ అను పేరుంచెను. మొదటి సంవత్సరమున చేరిన శిష్యులు తొమ్మండుగురు. వారు పడుచుండగా ఆలయము అదరుచున్నదని పూజారి మొఱపెట్టుకొనెను. ఆ విద్యకు ఆతడు పెట్టిన పేరు జూడో. ‘జుత్సు’ అనగా నేర్పు, ఉపాయము. ‘దో’ అనగా మార్గము. ఒక్క పదమును మార్చి ఆతడు విద్యయొక్క గమ్యమునే మార్చెను. గెలుచుట నేర్పుయొక్క ఫలము. మార్గముయొక్క ఫలము నడచువాని మాఱుదల.

ఆతడు విసర్జించిన దేమి, నిలుపుకొనిన దేమి, క్రొత్తగా చేర్చిన దేమి యని విచారింతము. ప్రాణాపాయకరములగు దెబ్బలను, చేతివ్రేళ్లు, కాళ్లు విఱుచు పట్లను పోటీనుండి తొలగించి, వానిని నియతాభ్యాసమగు కతయందు మాత్రము నిలిపెను. దానివలన విద్యార్థులు పూర్ణబలముతో, భయము లేక, ఒకరితో నొకరు స్వేచ్ఛగా పెనగులాడు ‘రందోరి’ సాధ్యమయ్యెను. పడుట యెట్లో మొదట నేర్పెను. పడుటకు వెఱచువాడు ఏదియు నేర్వలేడు. సంప్రదాయముల అనుమతిపత్రములకు మారుగా తరగతులనేర్పరచి 1883లో తన తొలిశిష్యు లిద్దఱికి ప్రథమశ్రేణి నిచ్చెను. నేడు లోకమంతట కనబడు నల్లపట్టీ ఈ తరగతులనుండియే పిమ్మట పుట్టినది. అయినను ఆతడు పాతదానినంతయు వదలలేదు. కోడోకానున చేరువారును ప్రమాణపత్రముపై సంతకము చేయవలెను. అనుమతి లేక ఇతరులకు బోధింపనను మాట అందులోను ఉండెను. సంస్కర్త పాతయింటిని ఒక్కనాటిలో విడిచిపోడు.

జూడోయందలి ‘జు’ అనగా మృదుత్వము. మృదువు కఠినమును జయించునను చీనాదేశపు సామెత దీనికి మూలము. కానో దీనిని లెక్కతో బోధించెడివాడు. నీ బలము ఏడు పాళ్లు, ఎదిరి బలము పది పాళ్లు అనుకొనుము. ఆతడు త్రోయగా నీవు ఎదిరించినచో ఓటమి నిశ్చయము. అట్లుగాక ఆతడు త్రోసినంతమేర నీ నిలుకడ చెడకుండ వెనుకకు తగ్గితివా, ఆతడు ముందునకు తూలును. తూలినవానికి పది పాళ్లలో మూడు పాళ్లే మిగులును. అప్పుడు నీ యేడు పాళ్లలో సగముతోనే వానిని పడవేయవచ్చును.

ఇది సంస్కృతము చదివినవారికి అపరిచితమైన భావము కాదు. మహాభారత శాంతిపర్వమున సముద్రుడు నదుల నడుగును: మహావృక్షములను వేళ్లతో పెఱికి తెత్తురే, గట్టున నుండు ప్రబ్బలిని ఏల తేరు? అది వెల్లువకు వంగి, వెల్లువ పోయిన పిమ్మట మఱల నిలుచునని గంగ బదులుచెప్పును. కానో నేర్చిన తెన్జిన్ షిన్యో సంప్రదాయపు పేరునందును విల్లోచెట్టు కలదు. మంచుబరువునకు కఠినశాఖలు విఱుగగా, వంగు కొమ్మ మంచును జార్చివేసి నిలుచుననునది ఆ దేశపు కథ. ఏఱు వేఱు, చెట్టు వేఱు, నీతి యొక్కటే.

కాని కానో ఇచ్చట ఆగలేదు. ఈ మృదుసూత్రము అన్నిటికిని చాలదని తానే గుర్తించెను. వెనుకనుండి యొకడు బిగియగా పట్టుకొనినచో వంగి తగ్గుటకు చోటెక్కడ? అప్పుడు విడిపించుకొనుటకు బలమును ప్రయోగింపవలసినదే. కావున మృదుత్వము ఒక విశేషము మాత్రమే. దానికంటె విశాలమైన సూత్రము మఱొకటి యుండవలెను. దేహబలమును, మనోబలమును ఏ పనియందైనను మిక్కిలి ప్రయోజనకరముగా వినియోగించుటయే ఆ సూత్రమని ఆతడు నిర్ణయించెను. దానికి తోడుగా, తానును పరులును కలసి వర్ధిల్లుట యను రెండవ సూత్రమును చేర్చి, 1922లో ఈ రెంటిని తన బోధకు మూలస్తంభములుగా ప్రకటించెను. రెండవది లేని మొదటిది కేవలము జయోపాయము. జూడోలో ప్రత్యర్థి లేక సాధన లేదు. నీకు తన దేహమును అప్పగించి పడువాడే నీకు గురువు. వానిని గాయపఱచినవాడు తన విద్యనే గాయపఱచుకొనినవాడు.

ఈ సూత్రములను ఆతడు చాపలమీదనే వదలలేదు. 1889లో విద్యామంత్రి యెదుట ఉపన్యసించి, జూడోయందు దేహవ్యాయామము, పోరాటనైపుణ్యము, మనశ్శిక్షణము అను మూడును కలవని వాదించెను. 1893 మొదలు 1920 వఱకు, నడుమ కొన్ని విరామములతో, తోక్యో ఉన్నత ఉపాధ్యాయ శిక్షణకళాశాలకు అధ్యక్షుడుగా నుండి దేశమునకు ఉపాధ్యాయులను తయారుచేసెను. చీనా విద్యార్థులకై ప్రత్యేకపాఠశాల నడపెను. నవచీనా సాహిత్యమునకు ఆద్యుడగు లూషున్ 1902లో వచ్చి చేరినది ఆ పాఠశాలలోనే. 1909లో అంతర్జాతీయ ఒలింపిక్ సంఘమున ఆసియాఖండమునుండి తొలిసభ్యుడయ్యెను.

ఇంతవఱకు చెప్పినది విజయగాథ. ఇకమీదటి కథను దాచినచో చరిత్రకు ద్రోహము చేసినవార మగుదుము. 1895లో కియోతోనగరమున ‘మహాజపాను యుద్ధకళాసమితి’ యొకటి ఏర్పడెను. 1911లో బాలుర మాధ్యమిక పాఠశాలలయందు ఖడ్గవిద్యను, జూడోను బోధించుటకు ప్రభుత్వ మనుమతించెను. 1931లో వానిని నిర్బంధవిషయములుగా చేసెను. బాలుని వికాసమునకై ప్రవేశపెట్టబడిన విద్య క్రమముగా సైనికుని తయారుచేయు విద్యయయ్యెను. 1942లో ఆ సమితిని ప్రభుత్వమే తన యధీనమునకు తెచ్చుకొనెను. ‘తానును పరులును’ అనుటలో పరులు చీనాదేశీయులు కారా, కొరియాదేశీయులు కారా యని అడుగువారికి అప్పటి జపానులో చోటు లేకపోయెను. పరాజయానంతరము 1945లో విజేతలు ఈ విద్యలను పాఠశాలలనుండి నిషేధించిరి. మఱుసటి యేడు సమితి రద్దయ్యెను. జూడో తిరిగి పాఠశాలలలో అడుగుపెట్టినది 1950లో. కానో ఈ పతనమును చూడలేదు. 1940 ఒలింపిక్ క్రీడలను తోక్యోకు సమకూర్చి, కైరోసభనుండి మరలివచ్చుచు, 1938 మే నెల 4వ తేదీన ఓడలోనే కన్నుమూసెను. కొలది నెలలలోనే జపాను ఆ క్రీడలను వదలుకొనెను.

ఇందుండి గ్రహింపదగిన దేమి? విద్యకు మంచి సూత్రము చెప్పుట చాలదు. ఆ విద్య ఎవరి చేతిలో నున్నది, ఎవరికొఱకు బోధింపబడుచున్నది యని తరతరమునను అడుగుచుండవలెను.

ఈ ప్రశ్న స్త్రీల విషయమున మఱింత సూటిగా ఎదురగును. కానో 1893లోనే స్త్రీలకు బోధింప నారంభించెను. 1926లో కోడోకానున స్త్రీలకు ప్రత్యేకశాఖ తెఱచెను. ఆ కాలమునకు ఇది సాహసమే. కాని వారిని పోటీలకు మాత్రము దూరముగా నుంచెను. 1935లో ఆ శాఖయందు ఇరువదిరెండేండ్లు నిండని కన్య యొకతె చేరెను. ఆమె పేరు ఫుకుదా కెయికో. శిష్యుని ప్రశ్నకు సమాధానముగా ఆతనిని మఱల మఱల పడవేసిన ఆ ఫుకుదా గురువునకు ఆమె మనుమరాలు. గురుఋణమును తీర్చుకొనగోరి కానోయే ఆమెను పిలిచెను. ఐదడుగుల యెత్తులేని ఆ బాలిక వివాహమాడినచో విద్యను వదలవలసివచ్చునని పెండ్లినే వదలుకొనెను. 1953లో ఆమె ఐదవశ్రేణి నందెను. అంతటితో దారి మూసికొనిపోయెను. స్త్రీలకు అంతకు పైశ్రేణి నిచ్చు ఆచారము లేదు. ఆమె శక్తి తక్కువయై కాదు, నియమము లేక. 1972లో గాని ఆఱవశ్రేణి లభింపలేదు. పిమ్మట అమెరికాలో స్థిరపడి బోధించుచు, 2011లో అక్కడి సంఘమువలన పదవశ్రేణి నంది, 2013లో తొంబదితొమ్మిదవ యేట మరణించెను. పురుషుల జూడో ఒలింపిక్ క్రీడలలో 1964లో చేరగా, స్త్రీల జూడో 1992లో గాని పూర్ణస్థానము పొందలేదు. సంస్కర్త తెఱచిన తలుపు సగమే తెఱచియుండుట, తక్కిన సగమును శిష్యురాలు ఆయుష్షంతయు త్రోయుట—ఇది ఒక్క జపానుకథ యనుకొందుమా?

మన దేశమునకును ఈ విద్యతో సంబంధము లేకపోలేదు. రవీంద్రనాథ ఠాకూరు 1905లో సానో జిన్నోసుకేను, మఱల 1929లో తకగాకి షింజోను శాంతినికేతనమునకు రావించి జూడో చెప్పించెను. బాలురతోపాటు బాలికలును ఆ సాధనయందు పాల్గొనిరి. ఆర్థికశాస్త్రజ్ఞుడగు అమర్త్యసేనుని తల్లి అమితాసేన్ వారిలో నొకతె. ధనాభావమువలన ఆ ప్రయత్నము చిరకాలము నిలువలేదు. అయినను కవియైనవాడు ఆడుబిడ్డలకు పడుట, లేచుట, ఎదిరించుట నేర్పింపబూనుట మనము మఱువరాని విషయము.

2012 మొదలు జపానులో మాధ్యమిక పాఠశాలలయందు యుద్ధకళలలో నొకటి బాలురకును బాలికలకును మఱల నిర్బంధవిషయమైనది. అంతకు ముందలి మూడుదశాబ్దములలో పాఠశాలల జూడోవలన నూర్గురికి పైగా బాలురు మరణించిరని ఆ దేశపు పరిశోధకులు లెక్కదేల్చగా తల్లిదండ్రులు కలవరపడిరి. తలకు దెబ్బ తగులుటయే అందు ముఖ్యకారణము. పడుట చక్కగా నేర్పక ముందే పడవేయుట, అలసినవానిని శిక్షగా మఱల మఱల పడవేయుట—ఇవి జూడో సూత్రమునకు విరుద్ధములు. నూఱేండ్లక్రిందట కానో ఏ పద్ధతిని మార్పబూనెనో అదియే శిక్షణ యను పేరుతో వెనుకదారిని మరలివచ్చినది.

కావున సంస్కరణ మొకమాఱు చేసి ముగింపదగిన పని కాదు. పాతవిద్యయందు ప్రాణమున్న భాగ మేదో, ప్రాణము తీయు భాగ మేదో వివేచించి వేఱుచేయవలెను. వేఱుచేసిన దానిని కావలి కాయవలెను. మన యిండ్లలోను, బడులలోను పిల్లలు ‘ఎందుకు’ అని యడిగినపుడు, వారిని పడవేయక, వారి ప్రక్కన కూర్చుండి కారణము చెప్పగలిగితిమేని, జపాను చాపలమీద అడుగుపెట్టకయే ఆ మార్గమున ఒక యడుగు నడచినవార మగుదుము.